భార్య ఎవరో తేల్చే చోటు ఏది? మా జిల్లా ఉచిత న్యాయసేవపై నా సమీక్ష

భర్త పోయాక పింఛను ఆగిపోయి, "మీరే భార్య అని కోర్టు ఆర్డరు తెచ్చుకోండి" అని ఆఫీసులో చెప్పించుకున్న ఆడవాళ్ల కోసం ఇది రాస్తున్నాను. నేను సమీక్షిస్తున్నది మా జిల్లా న్యాయసేవాధికార సంస్థ ఇచ్చే ఉచిత న్యాయవాది సేవను. మా పిన్ని కోసం దాన్ని వాడుకున్నాం. ఐదుకు నాలుగు మార్కులు ఇస్తాను. ఒక మార్కు ఎందుకు తగ్గించానో కింద చెబుతాను. అంతకంటే ముఖ్యంగా, ఇలాంటి తగాదాకు ముందుగా హైకోర్టుకు పరుగెత్తడం ఎందుకు దండగో, అసలు వెళ్లాల్సిన చోటు ఏదో చెప్పాలని ఉంది.

మండల కార్యాలయం ఎదురుగా మాకు చిన్న దుకాణం ఉంది. జిరాక్సు, ఆన్‌లైన్ దరఖాస్తులు, స్టాంపు కాగితాలు. స్టాంపు వెండరు లైసెన్సు నా పేరు మీదే ఉంది. కుటుంబ సభ్యుల ధ్రువపత్రం కోసం, పింఛను కాగితాల కోసం వచ్చే వితంతువులను రోజూ చూస్తుంటాను. వాళ్లలో చాలామంది కాగితాలన్నీ ప్లాస్టిక్ సంచిలో చుట్టి, దాన్ని గుండెకు హత్తుకుని కూర్చుంటారు. మా పిన్ని కూడా అలాగే కూర్చుంది, నా కౌంటరు వెనకాల స్టూలు మీద.

పిన్నికి 1984 వేసవిలో పెళ్లయింది. ఊళ్లో పందిరి వేసి చేసిన పెళ్లి. శుభలేఖలు అచ్చు వేయించలేదు. రిజిస్ట్రేషను మాట ఆ రోజుల్లో ఊళ్లో ఎవరూ ఎత్తేవారు కాదు. పెళ్లిళ్ల నిర్బంధ నమోదు చట్టం మన రాష్ట్రంలో వచ్చిందే 2002లో. మిగిలింది ఒకే ఒక్క ఫొటో. అందులోనూ తలంబ్రాల పళ్లెం అడ్డం వచ్చి బాబాయి ముఖం సగమే కనిపిస్తుంది. ఆయన ఒక ప్రభుత్వ శాఖలో పనిచేసేవాడు. 1996లో వేరే జిల్లాకు బదిలీ అయింది. అక్కడ ఇంకొకామెతో కాపురం పెట్టాడు. ఒక కొడుకు, ఒక కూతురు పుట్టారు. ఊరికి రాకపోకలు మాత్రం మానలేదు. పండక్కి వచ్చేవాడు, మా చెల్లెలి, అంటే పిన్ని కూతురి, చదువుకు డబ్బు పంపేవాడు. 2012లో రిటైరయ్యాడు, 2020లో పోయాడు.

అప్పుడు ఇద్దరు ఆడవాళ్లు కుటుంబ పింఛనుకు దరఖాస్తు పెట్టారు. సర్వీసు రిజిస్టరులో పాత నామినేషను పిన్ని పేరు మీద ఉంది. రిటైరైనప్పుడు ఇచ్చిన పింఛను కాగితాల్లో భార్యగా రెండో ఆమె పేరు, ఆమెతో దిగిన జాయింటు ఫొటో ఉన్నాయి. ఆమె చెప్పిన కథ ఇది: 1997లో కులపెద్దల ముందు పిన్నికీ బాబాయికీ విడాకులయ్యాయి, స్టాంపు కాగితం మీద రాసుకున్నారు, పిన్ని సంతకం కూడా పెట్టింది, ఆ తర్వాత 1998లో గుళ్లో మా పెళ్లి జరిగింది. పిన్ని చెప్పేది: ఏ పెద్దల ముందుకూ నేను వెళ్లలేదు, ఏ కాగితం మీదా సంతకం పెట్టలేదు. శాఖవాళ్లు ఎవరికీ ఇవ్వకుండా ఆపేసి, తగిన కోర్టు నుంచి ఉత్తర్వు తెమ్మని ఇద్దరికీ ఉత్తరాలు పంపారు.

తెలిసినవాళ్ల ద్వారా ఒక ప్రైవేటు లాయరు దగ్గరకు వెళ్లాం. హైకోర్టులో రిట్, అంటే ప్రభుత్వ చర్య మీద నేరుగా హైకోర్టుకే పెట్టుకునే పిటిషన్, వేస్తే ఒక్క ఆర్డరుతో పని అయిపోతుందని ఆయన భరోసా ఇచ్చాడు. పిన్ని వడ్డీకి తెచ్చి ఫీజు కట్టింది. 2021లో నేలపాడులోని హైకోర్టులో రాజ్యాంగం 226వ అధికరణ కింద రిట్ పడింది. శాఖ కౌంటరు, అంటే రాతపూర్వక జవాబు, వేసింది. రెండో ఆమె కౌంటరు వేసింది, దానికి ఆ విడాకుల కాగితం జిరాక్సు జత చేసింది. జిరాక్సు చూడగానే నాకు ఒక అనుమానం తట్టింది. కాగితం ముందు వైపు మాత్రమే ఉంది, వెనక వైపు లేదు. స్టాంపు కాగితం అమ్మేవాళ్లకు వెనక వైపే ముఖ్యం. క్రమసంఖ్య, అమ్మిన తేదీ, కొన్నవారి పేరు, వెండరు సంతకం, లైసెన్సు నంబరు, అన్నీ అక్కడే రాస్తాం. అసలు కాగితం తెప్పించండి సార్, వెనక్కి తిప్పి చూడాలి అని అడిగాను. రిట్‌లో అసలు కాగితాలతో పనిలేదమ్మా, అఫిడవిట్లు చాలు అన్నాడాయన.

చిక్కంతా ఆ మాటలోనే ఉంది. రిట్ విచారణ నడిచేది అఫిడవిట్ల మీద. ఒకరు అవునని ప్రమాణం చేసి రాస్తారు, మరొకరు కాదని ప్రమాణం చేసి రాస్తారు. సాక్షిని బోనెక్కించి ఎదుటి లాయరు ప్రశ్నలు వేయడం అక్కడ మామూలుగా ఉండదు. ప్రభుత్వ అధికారి చట్టప్రకారం చేయాల్సింది చేశాడా, అధికారం మీరాడా, ఎదుటివారి మాట వినకుండా నిర్ణయం తీసుకున్నాడా అని చూడటం ఆ కోర్టు పని. 1997లో ఒక రచ్చబండ దగ్గర ఏం జరిగిందో తేల్చడానికి ఆ ఏర్పాటు సరిపోదు.

2022లో ఉత్తర్వు వచ్చింది. చిన్న ఉత్తర్వు. పెళ్లి, విడాకులు, సంతకం అన్నీ వివాదంలో ఉన్న వాస్తవాలనీ, నోటి సాక్ష్యం లేకుండా వాటిని తేల్చలేమనీ, తగిన కోర్టుకు వెళ్లే స్వేచ్ఛ పిటిషనరుకు ఉందనీ, ఎవరి వాదన నిజమో తాము ఏమీ చెప్పడం లేదనీ రాశారు. ఆ కోర్టు నిర్ణయం వచ్చాక శాఖ గడువులోగా పింఛను సంగతి తేల్చాలని కూడా ఆదేశించారు. పిన్ని దాన్ని ఓటమి అనుకుని రెండు రోజులు అన్నం సరిగా తినలేదు. నేను ఆ ఉత్తర్వు చదివి, ఇది న్యాయమైన మాటే అనుకున్నాను. ఇప్పటికీ అదే అంటాను. అఫిడవిట్ల మీదే తేల్చేసి ఉంటే, ఆ జిరాక్సు నిజమని నమ్మి పిన్ని పెళ్లి 1997లోనే తెగిపోయిందని రాసినా రాసేవారు. అప్పుడు మా గతి ఏమిటి?

హైకోర్టు ఈ గీత దాటితే ఏమవుతుందో దేశమంతా చూసింది. కేరళలో హాదియా అనే యువతి విషయంలో ఆమె తండ్రి హెబియస్ కార్పస్ పిటిషన్ వేశాడు. మనిషి నిర్బంధంలో ఉందా లేదా అని చూడటానికి ఉద్దేశించిన రిట్ అది. 2017 మేలో కేరళ హైకోర్టు ఆ పిటిషన్‌లోనే ఆమె పెళ్లి చెల్లదని ప్రకటించింది. 2018 మార్చి 8న సుప్రీంకోర్టు ఆ తీర్పును కొట్టేసింది. యుక్తవయసు వచ్చిన మనిషి తన ఇష్టంతో పెళ్లి చేసుకున్నానని కోర్టులో నిలబడి చెబుతుంటే, హెబియస్ కార్పస్‌లో ఆ పెళ్లిని రద్దు చేయడం తగదంది. మా పిన్ని తగాదాకూ దానికీ పోలిక తక్కువే. అయినా పాఠం ఒకటే: మనిషి పెళ్లి ఉందో లేదో చెప్పడానికి రిట్ సరైన చోటు కాదు.

అలాగని రిట్ ఎందుకూ పనికిరాదని నేననను. వాస్తవాల మీద వివాదం ఉన్నంత మాత్రాన హైకోర్టు తలుపు పూర్తిగా మూసుకోదని సుప్రీంకోర్టు 1969లో గున్వంత్ కౌర్ కేసులోనూ, 2003లో ఏబీఎల్ ఇంటర్నేషనల్ కేసులోనూ చెప్పింది. కాగితాలు తిరుగులేకుండా ఉండి, ఎదుటివారి అభ్యంతరం ఊరికే అడ్డం పెట్టినదైతే హైకోర్టు చూడవచ్చు. చేతిలో డిక్రీ, అంటే దావాలో కోర్టు ఇచ్చిన తుది ఉత్తర్వు, ఉండి కూడా ఆఫీసువాళ్లు పింఛను ఇవ్వకపోతే రిట్‌కు మించిన ఆయుధం లేదు. శాఖ కూడా చేతులు కట్టుకుని కూర్చోనక్కర్లేదు. బీహారుకు చెందిన రామేశ్వరీదేవి కేసులో 2000లో వచ్చిన తీర్పు చూడండి. ఉద్యోగి చనిపోయాక ఇద్దరు భార్యల తగాదా వస్తే ప్రభుత్వం తానే విచారణ జరిపింది, ఆ విచారణ మీద ఆధారపడటాన్ని సుప్రీంకోర్టు తప్పు పట్టలేదు. రెండో పెళ్లి చెల్లదు కాబట్టి రెండో ఆమెకు పింఛను రాదనీ, పిల్లలు మాత్రం చట్టబద్ధ సంతానమేననీ చెప్పింది. మా శాఖవాళ్లు అలాంటి విచారణ ఒక్కరోజైనా జరిపి ఉంటే బాగుండేది. ఉత్తరం ముక్క పంపి ఊరుకున్నారు.

ఇక న్యాయసేవ సంగతి. జిల్లా కోర్టు ఆవరణలోనే ఆ కార్యాలయం ఉంటుంది. 15100 నంబరుకు ఫోను చేస్తే దారి చెబుతారు. నేను అలాగే కనుక్కున్నాను. ఫ్రంట్ ఆఫీసులో కూర్చున్న యువకుడు అడిగిన మొదటి ప్రశ్న ఆదాయం గురించి కాదు. "దరఖాస్తు ఎవరి పేరు మీద? మహిళ అయితే ఆదాయంతో పనిలేదండీ" అన్నాడు. 1987 నాటి న్యాయసేవాధికార సంస్థల చట్టం 12వ సెక్షన్ ప్రకారం స్త్రీలకు, పిల్లలకు, ఎస్సీ ఎస్టీలకు ఆదాయ పరిమితి లేకుండా ఉచిత సహాయం అందుతుంది. ఈ విషయం మాకు అంతకుముందు ఎవరూ చెప్పలేదు. తెలిసి ఉంటే వడ్డీ అప్పు ఉండేది కాదు.

మొదట ఇచ్చినాయన్ని మార్చాక, ప్యానెల్ లాయరుగా, అంటే ఆ సంస్థ జాబితాలోని న్యాయవాదిగా, ఒక మేడమ్‌ను కేటాయించారు. నలభై ఏళ్లుంటాయి. మా ప్లాస్టిక్ సంచి తీసుకుని బల్ల మీద కుమ్మరించి, తేదీల వరుసలో పేర్చుకుంటూ పోయారు. మధ్యలో పిన్ని ఏదో చెప్పబోతే, "అమ్మా, ఒక్క నిమిషం. ముందు కాగితాలు మాట్లాడనివ్వండి, తర్వాత మీరు" అన్నారు. వినడానికి కటువుగా ఉన్నా, తర్వాత గంటసేపు పిన్ని చెప్పిందంతా ఓపికగా రాసుకున్నారు.

ఆవిడ ముందుగా చూసింది గడువు. నేనే భార్యనని కోర్టు ప్రకటించాలని కోరే దావాకు మామూలుగా మూడేళ్ల కాలపరిమితి. శాఖ నిరాకరించిన తేదీ నుంచి లెక్క వేశారు, గడువు మిగిలే ఉంది. దాటిపోయి ఉంటే రిట్‌లో పోయిన కాలాన్ని మినహాయించమని లిమిటేషన్ చట్టం 14వ సెక్షన్ కింద అడిగేదాన్నన్నారు. తప్పు కోర్టులో నిజాయతీగా తిరిగిన సమయానికి ఆ సెక్షన్ రక్షణ ఇస్తుంది. రిట్ కొట్టేశారని ఇంట్లో కూర్చున్నవాళ్లు ఈ మాట తప్పక గుర్తుపెట్టుకోవాలి. కాలం మన కోసం ఆగదు, కానీ అడగాల్సిన చోట అడిగితే కొంత తిరిగి వస్తుంది.

రెండోది, ఏ కోర్టు అనేది. హిందూ వివాహ చట్టం 11వ సెక్షన్ కింద పెళ్లి చెల్లదని ప్రకటించమని అడగాలంటే ఆ పెళ్లిలోని ఒకరు మరొకరి మీద వేయాలి. మొదటి భార్య వేసేది కాదు. పైగా భర్తే లేడు. అందుకని 1984 నాటి ఫ్యామిలీ కోర్టుల చట్టం 7వ సెక్షన్ తీశారు. అందులో వివరణ కింద (బి) అంశం, పెళ్లి చెల్లుబాటు గురించి గానీ ఏ వ్యక్తి వివాహ స్థితి గురించి గానీ ప్రకటన కోరే దావాలన్నీ ఫ్యామిలీ కోర్టువేనని చెబుతుంది. అవతలివాళ్లు పెళ్లినే కాదన్నా ఆ అధికారం పోదని 2016లో బలరాం యాదవ్ కేసులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. మేడమ్ ఆ తీర్పు ప్రతిని ఫైలులో పైనే పెట్టారు. రెండో ఆమెతో పాటు శాఖను కూడా ప్రతివాదిగా చేర్చారు, రేపు డిక్రీ వచ్చాక మాకు సంబంధం లేదనకుండా. ఆ ముందుచూపు నాకు ఎంతో నచ్చింది.

మేము ఆశలు పెట్టుకున్న దారులు కొన్ని ఆవిడ మొహమాటం లేకుండా మూసేశారు. తహసీల్దారు ఇచ్చే కుటుంబ సభ్యుల ధ్రువపత్రం పెళ్లి తగాదాను తేల్చదు. వారసత్వ సర్టిఫికెట్ అప్పులు, డిపాజిట్లు వసూలు చేసుకోవడానికి, భార్య హోదాకు అది తుది తీర్పు కాదు. బాబాయి రెండో ఆమెకు వీలునామా రాశాడని ఒక పుకారు ఉండేది. ఉన్నా భయం లేదన్నారు. కుటుంబ పింఛను ఉద్యోగి ఆస్తి కాదనీ, దాన్ని వీలునామాతో ఎవరికీ రాసివ్వలేడనీ 1991లో వయొలెట్ ఐజాక్ కేసులోనే తేలిపోయిందట.

ఫ్యామిలీ కోర్టులో మొదట రాజీ ప్రయత్నం జరుగుతుంది, అది చట్టం పెట్టిన బాధ్యత. కౌన్సెలరు గదిలో ఇద్దరు ఆడవాళ్లనూ ఎదురెదురుగా కూర్చోబెట్టారు. రెండో ఆమెను అంత దగ్గరగా చూడటం నాకు అదే మొదటిసారి. జబ్బు మనిషి. ఇరవై ఏళ్లకు పైగా ఆయనకు వండిపెట్టింది, చివరి రోజుల్లో ఆసుపత్రిలో సేవ చేసింది. ఆ మాట ఆమె చెబుతుంటే పిన్ని కాదనలేదు. ఇంటి జాగాలో ఆ పిల్లలకు రావాల్సిన వాటా ఇవ్వడానికి నాకు అభ్యంతరం లేదు అంది పిన్ని. చెల్లని పెళ్లికి పుట్టినా పిల్లలు చట్టబద్ధ సంతానమే, తండ్రి ఆస్తిలో వాళ్లకు హక్కు ఉంటుంది, హిందూ వివాహ చట్టం 16వ సెక్షన్ చెప్పేది అదే. భార్య అనే మాట మాత్రం నేను వదులుకోను అని ఖచ్చితంగా చెప్పింది. రాజీ కుదరలేదు. కుదిరినా హోదా అనేది ఇద్దరూ పంచుకుని సంతకం పెడితే తేలేది కాదని మేడమ్ అన్నారు.

తర్వాత సాక్ష్యం. ఫ్యామిలీ కోర్టులో లాయరు ఉండటం కక్షిదారుకు హక్కు కాదు, కోర్టు అనుమతి ఇవ్వాలి. మాకు ఇచ్చారు. ఈ కోర్టులో ఇంకో వెసులుబాటు ఉంది. తగాదా తేలడానికి ఉపయోగపడుతుందనుకుంటే, సాక్ష్య చట్టం కింద అంగీకరించదగ్గదా కాదా అనే పట్టింపు లేకుండా ఏ పత్రాన్నయినా ఫ్యామిలీ కోర్టుల చట్టం 14వ సెక్షన్ కింద చూడవచ్చు. పిన్ని దగ్గరున్నవన్నీ అలా వెలుగులోకి వచ్చాయి. పాత ఓటర్ల జాబితా, రేషను కార్డు, మా చెల్లెలి స్కూలు అడ్మిషను రిజిస్టరు. వాటిలో నాకు అన్నిటికంటే విలువైనదిగా కనిపించింది ఒక మనియార్డరు కూపను. 2001 నాటిది. బాబాయి చేతిరాత. "పండక్కి వస్తున్నాను. పిల్ల ఫీజు ముందు కట్టు. నీ కళ్లజోడుకు వేరే పంపుతాను." 1997లో విడాకులిచ్చిన మనిషి నాలుగేళ్ల తర్వాత కళ్లజోడు గురించి రాస్తాడా?

చివరికి అసలు విడాకుల కాగితం కోర్టుకు వచ్చింది. దాన్ని దాఖలు చేయించడానికే మేడమ్ విడిగా పిటిషన్ వేయాల్సి వచ్చింది. బెంచి క్లర్కు దాన్ని చూడనిచ్చినప్పుడు నేను పక్కనే ఉన్నాను. ముందు వైపు 1997 తేదీ, నీలి సిరా, కింద ఐదుగురి సంతకాలు. వెనక్కి తిప్పగానే నా చూపు వెండరు ముద్ర మీద నిలిచింది. మేము లైసెన్సు నంబరు పక్కన రెన్యూవల్ నంబరు కూడా వేస్తాం, పక్కన సంవత్సరంతో సహా. ఆ ముద్రలో లైసెన్సు సంవత్సరం పాతదే, రెన్యూవల్ సంవత్సరం మాత్రం 2003. చేత్తో వేసిన అమ్మకం తేదీ 1997. అప్పటికి ఆరేళ్ల తర్వాత వచ్చే రెన్యూవల్ నంబరు 1997లో ముద్రలోకి ఎలా వస్తుంది? మేడమ్ చెవిలో చెప్పాను. ఆవిడ నా వైపు చూసి తల ఊపారు, అంతే. ఆ రోజు ఏమీ అడగలేదు.

తర్వాతి వాయిదాలో ఆ ప్రాంతపు సబ్ రిజిస్ట్రారు కార్యాలయం నుంచి లైసెన్సుల రిజిస్టరుతో గుమస్తాను సాక్షిగా పిలిపించారు. ఆ రెన్యూవల్ 2003లోనే జరిగిందని ఆయన రిజిస్టరు చూసి చెప్పాడు. కాగితం మీద సంతకం పెట్టిన పెద్దల్లో బతికున్న ఒకాయన అవతలి పక్షం సాక్షిగా వచ్చాడు. మేడమ్ గొంతు పెంచలేదు. ఆ రోజు ఎవరెవరు వచ్చారు, పిన్ని ఏ చీర కట్టుకుంది, సంతకం ఎవరి పెన్నుతో పెట్టింది అని వరుసగా అడిగారు. ఆయన మూడింటికి జవాబు చెప్పాడు, నాలుగోదానికి నీళ్లు నమిలాడు. మీ కులంలో ఇలా విడాకులివ్వడం ఎప్పటినుంచి ఉంది, ఇంకెవరికి ఇచ్చారు, ఒక్క పేరు చెప్పండి అని అడిగితే, మా ఊళ్లో పెద్దలు చెబితే అంతేనండీ అన్నాడు. హిందూ వివాహ చట్టం 29వ సెక్షన్ ఆచార విడాకులను గుర్తిస్తుంది, నిజమే. కానీ అలాంటి ఆచారం ఉందని చెప్పుకునేవాళ్లే దాన్ని వాదనలో పెట్టి రుజువు చేయాలని సుప్రీంకోర్టు 2002లో యమనాజీ జాదవ్ కేసులో చెప్పింది. ఒక్క పేరు కూడా రాలేదు.

ఈ రెండు గంటల ప్రశ్నలూ జవాబులూ హైకోర్టులో రిట్ నడిచినన్ని నెలల్లో ఒక్కసారి కూడా రాలేదు, రావడానికి అక్కడ మామూలుగా వీలుండదు. కాగితాన్ని వెనక్కి తిప్పే చెయ్యి, దాన్ని తిప్పాక ప్రశ్న వేసే గొంతు, జవాబు చెప్పేటప్పుడు సాక్షి ముఖం చూసే జడ్జి, ఈ ముగ్గురూ ఒకే గదిలో ఉండేది విచారణ కోర్టులోనే.

అవతలి లాయరు చివర్లో గట్టి వాదనే చేశాడు. ఏళ్ల తరబడి భార్యాభర్తల్లా బతికితే పెళ్లయినట్టే అనుకోవాలని పాత సాక్ష్య చట్టం 114వ సెక్షన్, ఇప్పటి భారతీయ సాక్ష్య అధినియమ్ 119వ సెక్షన్ చెబుతాయని, 1978లో బద్రీప్రసాద్ కేసులో యాభై ఏళ్ల సహజీవనాన్ని సుప్రీంకోర్టు అలాగే పెళ్లిగా చూసిందని అన్నాడు. మాట సరైనదే. అయితే అది కాదని రుజువయ్యే వరకే నిలిచే ఊహ. మొదటి పెళ్లి బతికుండగా రెండోది చెల్లదు. అందుకే కేసు మొత్తం ఆ కాగితం మీద నిలబడింది, కాగితం నిలబడలేదు. 2025లో తీర్పు వచ్చింది. భర్త చనిపోయేనాటికి పిన్నే చట్టబద్ధమైన భార్య అని ప్రకటించారు. పిల్లల హక్కులకు ఈ తీర్పు అడ్డు కాదని జడ్జిగారు విడిగా ఒక పేరా రాశారు. అది చదివి పిన్ని మంచి పని చేశారు అంది.

హైకోర్టు ఉత్తర్వు కూడా వృథా కాలేదు. డిక్రీ వచ్చాక గడువులోగా తేల్చాలన్న వాక్యాన్ని ఉటంకిస్తూ న్యాయసేవ కార్యాలయం నుంచే శాఖకు ఉత్తరం వెళ్లింది. పింఛను మంజూరైంది. బకాయి విడతలుగా వచ్చింది.

ఇప్పుడు ఆ తగ్గించిన మార్కు. మాకు మొదట కేటాయించిన ప్యానెల్ లాయరు మేడమ్ కాదు. ఆయన వకాల్తా తీసుకుని, రమ్మన్న రెండు రోజులూ రాలేదు, ఫోను ఎత్తలేదు. రాతపూర్వకంగా అడిగితే లాయరును మారుస్తారని కార్యాలయంలో ఒక బోర్డు మీద రాసి ఉంది, కానీ ఆ దరఖాస్తు ఇచ్చాక మార్పు జరగడానికి చాలా వారాలు పట్టింది. భోజనానికి దారిలేని వితంతువుకు ఆ వారాలు చాలా బరువు. ప్యానెల్ లాయర్లకు ఇచ్చే ఫీజు తక్కువని, అందుకే కొందరు పట్టించుకోరని అక్కడివాళ్లే చెప్పారు. అది మారాలి. ఇంకో సంగతి, కార్యాలయం బయట కూర్చోవడానికి ఉన్నది ఒకే బల్ల, పైన రేకు. మే నెలలో ముసలివాళ్లు అక్కడ ఎలా కూర్చుంటారు?

డబ్బు విషయంలో మాత్రం ఒక్క ఫిర్యాదు లేదు. కోర్టు ఫీజు, నోటీసు ఖర్చులు, నకళ్లు, ఏదీ మా చేతి నుంచి పోలేదు. తీర్పు వచ్చిన రోజు పిన్ని మేడమ్ చేతిలో ఒక కవరు పెట్టబోయింది. ప్యానెల్ లాయరు కక్షిదారు దగ్గర పైసా తీసుకోకూడదమ్మా, నిబంధన అది అని తిరిగి ఇచ్చేశారు. పిన్ని పట్టుబట్టి మరుసటి వారం ఇంట్లో కాసిన మునక్కాయలు తీసుకెళ్లింది. అవి మాత్రం తీసుకున్నారు.

వెళ్లేవాళ్లు తీసుకెళ్లాల్సినవి: మరణ ధ్రువపత్రం, శాఖ నిరాకరించిన ఉత్తరం అసలు ప్రతి, సర్వీసు రిజిస్టరు పేజీల నకలు (సమాచార హక్కు చట్టం కింద అడగవచ్చు), రేషను కార్డు, పిల్లల స్కూలు రికార్డు, పెళ్లి చూసినవాళ్లలో బతికున్న ఇద్దరి పేర్లు. ఉత్తరాలు, కూపన్లు చిన్నవని పారేయకండి. అవతలివాళ్లు ఏదైనా స్టాంపు కాగితం చూపిస్తే రెండు వైపులా జిరాక్సు అడగండి. పనిదినాల్లో ఉదయం పదిన్నరకల్లా వెళ్తే అదే రోజు దరఖాస్తు తీసుకుంటారు. ఫ్రంట్ ఆఫీసులో రసీదు ఇమ్మని అడగండి, దాని మీద నంబరు ఉండాలి. కేసు దాఖలయ్యాక కేసును గుర్తించే, అక్షరాలూ అంకెలూ కలిపి పదహారుండే సీఎన్‌ఆర్ నంబరు ఇస్తారు, దాంతో ఈకోర్ట్స్ యాప్‌లో వాయిదా తేదీలు మీరే చూసుకోవచ్చు. మా పిన్ని ఇప్పుడు ఊళ్లో మరో ఇద్దరికి ఆ యాప్ చూడటం నేర్పింది.